పొయ్యి వెలిగించని ఇరానీ మిఠాయి: కిట్ కొనాలా, దేరా వెళ్లాలా?

ముందే చెప్పేస్తాను. దుబాయ్‌లో ఉంటూ, ఇంట్లో తూత్ చేసుకుందామని ఆన్‌లైన్‌లో వెతికి, ఆ గులాబీ రంగు డబ్బా కిట్ ఆర్డర్ పెట్టబోతున్నవాళ్లు కాస్త ఆగండి. 95 దిర్హమ్‌లు పోసి నేను కొన్నాను. అందులో పనికొచ్చింది పిస్తా చీలికల పొట్లం ఒక్కటే. డబ్బా కూడా బాగుందనుకోండి, మా ఆవిడ అందులో సూదులూ దారాలూ పెట్టుకుంది. మిగతాదంతా దేరా మసాలా బజారులో అంతకంటే తక్కువ డబ్బుకి, అంతకంటే ఎంతో మంచి సరుకు దొరుకుతుంది. కిట్ అమ్మినవాళ్ల పేరు ఎందుకులెండి. ఇలాంటివి నాలుగైదు రకాలున్నాయి, ఏది కొన్నా ఏం చూసుకోవాలో చెబితే చాలు.

తూత్ తెలియనివాళ్ల కోసం నాలుగు మాటలు. బాదం పొడి, పంచదార పొడి, యాలకులు, పన్నీరు (పాల పనీర్ కాదు, గులాబీ నీళ్లు) కలిపి ముద్ద చేస్తారు. ఆ ముద్దని చిన్న చిన్న మల్బరీ పళ్ల ఆకారంలో చేసి, పంచదారలో దొర్లించి, తొడిమ ఉండాల్సిన చోట పిస్తా చీలిక ఒకటి గుచ్చుతారు. అంతే. ఇరాన్‌లో మల్బరీ పండు పేరే తూత్. ఎండబెట్టిన మల్బరీలని అక్కడ టీ తాగేటప్పుడు పంచదారకి బదులు నోట్లో వేసుకుంటారు కూడా. మార్చి 20నో 21నో నౌరూజ్ వస్తుంది, అది వాళ్ల కొత్త సంవత్సరం. ఆ రోజు మొదలుకుని పదమూడు రోజులు పండగే. ముందు పెద్దవాళ్ల ఇళ్లకి వెళ్లాలి, తర్వాత వాళ్లు మనింటికి వస్తారు. ఎవరింటికి వెళ్లినా టీ గ్లాసుతోపాటు మిఠాయిల పళ్లెం ముందుకొస్తుంది. శనగపిండితో చేసే నాన్-ఎ-నఖోద్చీ, బియ్యప్పిండితో చేసే నాన్-ఎ-బెరెంజీ, బక్లావా, వాటి మధ్యలో ఈ తెల్లటి తూత్‌లు. పెళ్లిలో వధూవరుల ముందు పరిచే సోఫ్రే అనే గుడ్డ మీద కూడా పెడతారు. మొదటి మూడింటికీ ఓవెన్ కావాలి. తూత్‌కి అగ్గిపుల్లతో కూడా పని లేదు.

ఈ మాట చెప్పినప్పుడు మా ఆవిడ నవ్వింది. "ఏవండీ, పొయ్యి వెలిగించకుండా చేసేది కూడా వంటేనా?" అని. నేను శ్రీరామనవమి చలిమిడి గుర్తు చేశాను. తడి బియ్యప్పిండీ బెల్లమూ కలిపి దంచి నైవేద్యం పెట్టే పచ్చి చలిమిడికి ఏ పొయ్యి వెలిగిస్తాం? మాది బందరు. లడ్డూ విషయంలోనూ హల్వా విషయంలోనూ మా ఇంట్లో ఎవరూ ఎవరి మాటా వినరు, కాబట్టి ఆ వాదన అక్కడితో ఆగలేదు. అదంతా ఇక్కడ అనవసరం.

కిట్ డబ్బా మీద పెద్ద అక్షరాలతో ఉన్నది ఇదే: ఓవెన్ అక్కర్లేదు, పది నిమిషాల్లో తయారు. ఓవెన్ అక్కర్లేదన్న మాట నిజమే. కానీ పొయ్యి లేదంటే తేలిక అని అర్థం కాదు. ఇంకో రకంగా చూస్తే ఇదే కష్టం. సెనగపిండి కాస్త పాతదైనా నెయ్యిలో దోరగా వేయిస్తే వాసన సర్దుకుంటుంది. జీడిపప్పు రెండో రకందైనా పాకంలో పడితే ఎవరికీ తెలియదు. తూత్‌లో వేయించడం లేదు, పాకం లేదు, నెయ్యి లేదు. మీరు గిన్నెలో ఏం వేశారో నాలుకకి అదే తగులుతుంది. అందుకే దీన్లో చెయ్యి తిరగడం కంటే సరుకు ముఖ్యం. కిట్ అమ్మేవాళ్లు మాత్రం సరుకు మీద ఖర్చు తగ్గించి, డబ్బా మీదా అచ్చు మీదా పెట్టారు.

విప్పి చూద్దాం. బాదం పొడి 250 గ్రాములు, వెండి రంగు కవర్లో. కత్తిరించగానే ముక్కు దగ్గర పెట్టుకున్నాను. తాజా బాదం పొడికి దాదాపు వాసనే ఉండదు, ఉన్నా పాలలాంటి సన్నటి తియ్యదనం. దీనికి మాత్రం పాత నూనె డబ్బా మూత తీసినట్టు వాసన. బాదంలో సగం దాకా నూనే ఉంటుంది. పప్పుగా ఉన్నన్నాళ్లు అది లోపల భద్రంగా ఉంటుంది. పొడి చేశాక ప్రతి రేణువుకీ గాలి తగులుతుంది, నెలలు గడిచేకొద్దీ కనరెక్కుతుంది. కవరు మీద గడువు తేదీకి ఇంకా ఆరు నెలలుంది, కానీ పొడి ఎప్పుడు కొట్టారో ఎక్కడా రాయలేదు. గడువు తేదీ చూసి మోసపోకండి, వీలైతే వాసన చూడండి.

రెండోది ఐసింగ్ షుగర్. తెల్లగా, మెత్తగా, చూడ్డానికి ముచ్చటగా ఉంది. వెనక చిన్న అక్షరాల్లో మొక్కజొన్న స్టార్చ్ అని రాసి ఉంది. ఐసింగ్ షుగర్ గడ్డకట్టకుండా స్టార్చ్ కలపడం మామూలే, అందులో తప్పు పట్టడానికేం లేదు, కేకు మీద వేసుకుంటే తెలియను కూడా తెలియదు. కానీ ఇక్కడ దాన్ని ఉడికించేది లేదు. పచ్చి పిండి పచ్చిగానే ఉండిపోయి, మింగాక అంగిలికి పల్చగా అతుక్కుంటుంది. మామూలు పంచదార మిక్సీలో వేస్తే అరనిమిషంలో పొడి అవుతుంది. దానికి కవరెందుకో, దాని మీద బంగారు రంగు అక్షరాలెందుకో!

మూడోది అన్నిటికంటే అన్యాయం. డబ్బా మీద గులాబీ పువ్వు బొమ్మ వేసి, లోపల వేలెడంత సీసా పెట్టారు. లేబుల్ మీద 'రోజ్ ఫ్లేవర్'. వెనక ప్రొపైలిన్ గ్లైకాల్, కృత్రిమ సువాసన. ఇది పన్నీరు కాదు, ఎసెన్సు. రెండు చుక్కలు వేస్తే ముద్దంతా చిన్నప్పటి సబ్బుపెట్టె వాసన. వాసన సంగతి వదిలేయండి, ఇంకో చిక్కుంది. తూత్ ముద్దని కట్టేది పన్నీటిలోని నీళ్లే. కిట్‌లో పన్నీరు లేదు కాబట్టి, మూడు చెంచాల మామూలు నీళ్లు పోసి రెండు చుక్కల ఎసెన్సు వెయ్యమని కిట్‌తో వచ్చిన పుస్తకంలో రాశారు. అంటే మిఠాయికి ప్రాణమైనదాన్ని తీసేసి, కుళాయి నీళ్లు పోయిస్తున్నారు.

ఇంకా ఎరుపు, ఆకుపచ్చ, పసుపు రంగు సీసాలు మూడు, సిలికాన్ అచ్చు ఒకటి, పిస్తా చీలికలు ఇరవై గ్రాములు. పిస్తా మాత్రం మంచిది. పొడుగ్గా, సన్నగా, లేత ఆకుపచ్చగా, విరిస్తే టిక్కుమంది.

పుస్తకంలో చెప్పినట్టే, అక్షరం తప్పకుండా చేశాను. చూడ్డానికి ఫోటోలో ఉన్నట్టే వచ్చాయి, అది ఒప్పుకోవాలి. మా పై అంతస్తులో షిరాజ్ నుంచి వచ్చిన పెద్దావిడ ఒకరుంటారు. దుబాయ్‌లో ముప్పయ్యేళ్ల పైబడి కాపురం, హిందీ మనకంటే బాగా మాట్లాడతారు. నేను ఖానుమ్ అంటాను, ఆవిడ నన్ను ఆఘా అంటారు. ఒక ప్లేటులో పెట్టి తీసుకెళ్లాను. ఇరానీ మర్యాద ఎలాంటిదంటే, ఇంటికి తెచ్చిచ్చినదాన్ని ఎవరూ బాగోలేదనరు. "దస్తెతూన్ దర్ద్ నకోనే" అన్నారు, మీ చేతులు నొప్పి పుట్టకూడదని దీవెన. టీ పోశారు. తూత్ సగం కొరికి, మిగతా సగాన్ని సాసర్ అంచున పెట్టి, నాతో మా అబ్బాయి చదువు గురించి మాట్లాడటం మొదలెట్టారు. టీ అయిపోయింది. సగం తూత్ సాసర్ అంచునే ఉంది. నాకు రివ్యూ అందింది.

"ఖానుమ్, మొహమాటం లేకుండా చెప్పండి" అంటే, కాసేపు ఆగి, "ఆఘా, బాదం మీరు కొట్టారా, ఎవరైనా కొట్టారా?" అని మాత్రం అడిగారు. ఆ తర్వాత వంటింట్లోంచి ఒక సీసా తెచ్చి, మూత తీసి, నా మణికట్టు మీద రెండు చుక్కలు వేశారు. ఇరాన్‌లో కాషాన్ దగ్గర గమ్సర్‌లో తీసిన గులాబ్, అంటే పన్నీరు. మే నెలలో అక్కడ గులాబీ కోతలు. తెల్లవారకముందే పూలు కోసి, రాగి పాత్రల్లో నీళ్లతో కాచి, ఆ ఆవిరిని చల్లబరిచి పట్టుకుంటారు. దాని వాసన తియ్యగా ఉండదు, అదే నాకు ఆశ్చర్యం. కొంచెం ఆకు పసరు, కొంచెం వగరు, వెనకాల ఎక్కడో పువ్వు. మన పెళ్లిళ్లలో వెండి బుడ్డితో మీద చల్లే పన్నీరుకి మూలం ఇదే, కానీ ఈ మధ్య పెళ్లిళ్లలో చల్లేదాంట్లో చాలావరకు సెంటు కలిపిన నీళ్లే.

ఇక దేరా సంగతి. గ్రీన్ లైన్ మెట్రోలో అల్ రాస్ స్టేషన్‌లో దిగితే నడిచే దూరం. నేనైతే బర్ దుబాయ్ వైపునుంచి అబ్రా పడవ ఎక్కుతాను, ఒక్క దిర్హమ్‌కి క్రీక్ దాటిస్తారు, గాలి కూడా తగులుతుంది. ఒడ్డున ఇరాన్ వెళ్లే చెక్క పడవల్లోకి ఫ్రిజ్‌లూ టైర్లూ ఎక్కిస్తూ ఉంటారు. బజారులోకి అడుగు పెట్టగానే "కేసర్, కేసర్, ఇండియా, నమస్తే" అని పిలుపులు మొదలు. వాళ్లని దాటుకుని లోపలి సందుల్లోకి వెళ్లండి. ముందు వరస కొట్లు టూరిస్టులకి, చెప్పిన ధరలో సగానికి బేరం మొదలెట్టాలి. లోపలి వరసల్లో ఇరానీ కొట్లున్నాయి. గుమ్మం ముందు గోనెసంచుల్లో ఎండు నిమ్మకాయలు, ఎండు గులాబీ మొగ్గలు, సాంబ్రాణి. అక్కడ బేరం పెద్దగా ఉండదు, సరుకు గురించి అడిగితే మాత్రం ఓపిగ్గా చెబుతారు.

బాదం రెండు రకాలు చూపించారు. కాలిఫోర్నియా బాదం, మామ్రా బాదం. మామ్రా మన ఊళ్లలోనూ అమ్ముతారు, ధర చూసి వెనక్కి పెట్టేస్తాం. చిన్నగా, వంకరగా, ముడతలు పడి ఉంటుంది. నూనె ఎక్కువ, రుచి కూడా ఎక్కువే. నిజం చెప్పాలంటే, మామ్రా ఒక్కటే వేసి తూత్ చేస్తే మిక్సీలో నూనె వదిలి ముద్దకట్టేస్తుంది, తూత్ కూడా బరువుగా వస్తుంది. మూడొంతులు కాలిఫోర్నియా, ఒక వంతు మామ్రా నాకు నచ్చిన పాళ్లు. డబ్బు గురించి ఆలోచిస్తే మొత్తం కాలిఫోర్నియాదే తీసుకోండి, ఏం నష్టం లేదు. అరకిలో కలిపి ముప్పై దిర్హమ్‌లైంది. పన్నీరు సీసా పదిహేను. సీసా కొనేముందు లేబుల్ వెనక చదవండి: నీళ్లూ గులాబీ తప్ప ఇంకేం ఉండకూడదు. 'దో ఆతషే' అని ఉంటే ఒకసారి తీసినదాన్ని మళ్లీ కాచి తీసినది, ఘాటు ఎక్కువ, చెంచా తగ్గించాలి. పిస్తా చీలికలు యాభై గ్రాములు పదిహేను. మొత్తం 60 దిర్హమ్‌లు, దాంతో కిట్‌కి రెండింతలు వచ్చింది, పన్నీరు సీసా ఇంకా సగం పైనే మిగిలింది.

కుంకుమపువ్వు కూడా అంటగట్టబోయారు. తూత్‌కి అవసరం లేదు. పసుపు రంగు తూత్ కావాలంటే నాలుగు రేకులు పన్నీట్లో నానబెట్టి వాడొచ్చు. కొంటే మాత్రం ఒక రేకు తీసి గోరువెచ్చని నీళ్లలో వేసి చూపించమనండి. అసలుదైతే రంగు మెల్లగా బంగారంలా దిగుతుంది, రేకు మాత్రం ఎర్రగానే ఉంటుంది. వెయ్యగానే నీళ్లు ఎర్రబడి రేకు తెల్లబోతే, నవ్వి బయటికి వచ్చేయండి.

ఇప్పుడు తయారీ. ఖానుమ్ చెప్పిన పాళ్లు: తొక్కతీసిన బాదం 250 గ్రాములు, పంచదార 150 గ్రాములు, యాలకుల పొడి అరచెంచా, పన్నీరు రెండు పెద్ద చెంచాలతో మొదలుపెట్టి మూడు దాకా. కొందరు గుడ్డు తెల్లసొన వేస్తారట, ఆవిడ వద్దన్నారు. పచ్చి గుడ్డు కాబట్టి నేనూ వద్దనే అంటాను.

కెటిల్లో నీళ్లు మరిగించి బాదం మీద పోసి రెండు మూడు నిమిషాలు వదిలేయాలి. ఎక్కువసేపు వదిలితే పప్పు నీళ్లు పీల్చేస్తుంది. వార్చి, రెండు వేళ్ల మధ్య నొక్కితే తొక్క మన చేతిలో, పప్పు ఫ్రిజ్ కిందా. పిల్లలకి అప్పగించండి, సరదాగా చేస్తారు. అసలు ఓపిక దీని తర్వాత కావాలి. ఒలిచిన పప్పుని గుడ్డ మీద పరిచి రాత్రంతా ఫ్యాను కింద ఆరనివ్వాలి. పైకి ఆరినట్టు కనిపిస్తుంది, ఒకటి విరిచి చూస్తే మధ్యలో చెమ్మ తెలుస్తుంది. టిక్కుమని విరగాలి. ఈ చెమ్మ ఉంటే ఎంత పన్నీరు పట్టిందో లెక్క అందదు, డబ్బాలో పెట్టాక నిలవ కూడా ఉండదు. కిట్‌వాళ్లు చెప్పిన పది నిమిషాలు ఇక్కడే గాలికి పోయాయి.

ఆరిన పప్పుని గంటసేపు ఫ్రీజర్‌లో పెట్టి, ఉన్న పంచదారలో మూడో వంతు కలిపి, మిక్సీని ఆపి ఆపి తిప్పాలి. ఏకబిగిన తిప్పితే జారు వేడెక్కి బాదం నూనె వదిలేస్తుంది, అది పొడి కాదు, వెన్న. పంచదార ఆ నూనెని కొంత పట్టుకుంటుంది, అందుకే కలిపి వెయ్యమనడం. తర్వాత జల్లించాలి. సన్నటి జల్లెడలోంచి దిగినదే తీసుకుని, పైన మిగిలిన రవ్వ మళ్లీ మిక్సీకి. రవ్వ ఉంటే నాలుక మీద ఇసుకలా తగులుతుంది, ఖానుమ్ ముందు ఆ ప్లేటు పెట్టలేం.

మిగిలిన పంచదార పొడి, యాలకులు కలిపి, పన్నీరు చెంచా చెంచాగా చల్లాలి. ఒక్కసారి పోయకండి. రెండో చెంచా దాకా పొడి పొడిగా ఉండి, ఇది ఎప్పటికి ముద్దవుతుందో అనిపిస్తుంది. అరచేతి మడమతో గిన్నె గోడకేసి నొక్కుతూ రెండు నిమిషాలు పిసికితే, చేతి వేడికి బాదం నూనె మెల్లగా ఊరుతుంది. అప్పుడు మూడో చెంచాలో సగం చాలునో, మొత్తం కావాలో తెలుస్తుంది. పిడికిట్లో నొక్కితే వేళ్ల గుర్తులు పడాలి, వేలికి అంటుకోకూడదు. తడి గుడ్డ కప్పి అరగంట పక్కన పెట్టాలి.

ఇక అచ్చు సంగతి. కిట్‌లోని సిలికాన్ అచ్చులో మల్బరీ గింజల గుంటలన్నీ చెక్కి ఉన్నాయి. ముద్ద నొక్కి తీస్తే బుడిపెలతో సహా వస్తుంది, నిజమే. తీశాక పంచదారలో దొర్లించాలి కదా, ఆ పంచదారతో గుంటలన్నీ పూడిపోతాయి! అంటే అచ్చు చేసిన పనంతా దండగ. ఖానుమ్ చేతిలో చూశాకే నాకు అర్థమైంది, మల్బరీ గింజల్లా కనబడేది పంచదార పలుకులే. తొమ్మిది పది గ్రాముల ముద్ద తీసుకుని, అరచేతుల మధ్య ఒక చుట్టు గుండ్రంగా, తర్వాత చిటికెన వేలి వైపు కాస్త నొక్కుతూ ముందుకీ వెనక్కీ రెండుసార్లు. ఒక కొస సన్నబడి, ఇంకో కొస గుండ్రంగా నిలుస్తుంది. ఆవిడ చేతులు మాట్లాడుతూనే చేసేస్తాయి. అలా చేసిన వెంటనే, పైన చెమ్మ ఆరకముందే, పంచదార పళ్లెంలో పడెయ్యాలి. అన్నీ చేసుకుని చివర్లో దొర్లిద్దామంటే పంచదార పట్టదు.

పంచదార ఎలాంటిదన్నది కూడా ముఖ్యమే. ఇండియా నుంచి తెచ్చుకునే పెద్ద పలుకుల పంచదారైతే పంటికింద కరకరమంటుంది. దుబాయ్ సూపర్‌మార్కెట్లలో దొరికే సన్న రకం సరిపోతుంది. అది లేకపోతే పెద్ద పలుకుల్నే మిక్సీలో ఒక్క తిప్పు తిప్పి, జల్లించి, పొడిని వేరే వాడుకుని పలుకుల్ని దీనికి ఉంచండి. చివరగా గుండ్రటి కొస మధ్యలో పిస్తా చీలిక. పొడుగు ఎక్కువైతే విరవండి, లోపలికి సగం దిగితేనే నిలుస్తుంది. ఈ పాళ్లకి నలభై పైన, యాభై లోపల వస్తాయి.

పళ్లెంలో రెండు గంటలు మూత లేకుండా వదిలేస్తే పైన సన్నటి పొర కడుతుంది. కొరికితే ముందు పంచదార, తర్వాత ఆ పొర, తర్వాత మెత్తగా బాదం. అప్పుడు డబ్బాలో పెట్టి గట్టిగా మూత బిగించాలి. బయట వారం రోజులు బాగుంటాయి, తర్వాత గట్టిపడతాయి. ఫ్రిజ్‌లో ఇంకా ఎక్కువే నిలవుంటాయి, తినే ముందు అరగంట బయట పెట్టాలి. రెండో రోజుకి పన్నీరు ముద్దంతా పట్టి, మొదటి రోజుకంటే బాగుంటాయని నా అభిప్రాయం. మా ఆవిడ మొదటి రోజే బాగున్నాయంటుంది. తీపి మాత్రం గట్టిగానే ఉంటుంది. ఇరానీలు పంచదార వెయ్యని టీతో తింటారు కాబట్టి వాళ్లకి అది సరిపోతుంది. మన పాల టీతో తింటే మొహం మొత్తుతుంది. షుగర్ ఉన్నవాళ్లకి ఒకటి ఇచ్చి డబ్బా దాచేయండి.

రంగులు వాడాలా? బజారు మిఠాయి కొట్లలో గులాబీ, ఆకుపచ్చ, పసుపు తూత్‌లు పక్కపక్కన పేర్చి ఉంటాయి, పిల్లలు వాటికే ఎగబడతారు. రుచిలో తేడా ఏమీ ఉండదు. ఖానుమ్ ఇంట్లో తెల్లవే. నేను కూడా తెల్లవే చేస్తున్నాను, కిట్ రంగు సీసాలు మా అబ్బాయి స్కూలు ప్రాజెక్టుకి పోయాయి.

గులాబీ వాసన గిట్టనివాళ్లు కొందరుంటారు. వాళ్లు తూత్ జోలికి పోకుండా, ఇరాన్ దక్షిణాన చేసే రంగీనక్ ప్రయత్నించొచ్చు. గింజ తీసిన ఖర్జూరంలో అక్రోటు పెట్టి, దాని మీద నెయ్యిలో వేయించిన పిండి పోసి, దాల్చినచెక్క పొడి చల్లుతారు. ఓవెన్ అక్కర్లేదు గానీ పొయ్యి తప్పదు. యజ్ద్ ఊరి లోజ్ ఇంకొకటి ఉంది, మన కాజూ బర్ఫీలాగే డైమండ్ ముక్కలు. దానికి పాకం కుదరాలి, పాకం దగ్గర నాకు టెన్షన్, నేను చెయ్యను.

కిట్‌కి నేనిచ్చేది ఐదుకి ఒకటిన్నర. ఆ ఒకటి పిస్తాకి, సగం డబ్బాకి. అమ్మినవాళ్లకి బాదం వాసన గురించి రాస్తే, ఫోటో పంపమన్నారు. వాసనకి ఫోటో ఎలా తీస్తారో వాళ్లే చెప్పాలి. అయినా ఈ కిట్ ఎవరికీ పనికిరాదని అనను. ఐదారేళ్ల పిల్లలతో సెలవు రోజు మధ్యాహ్నం గడపాలంటే, అచ్చులో నొక్కడం వాళ్లకి సరదా. అలాంటప్పుడు కూడా బాదం పొడి కవరు పక్కన పడేసి, ఇంట్లో కొట్టిన పొడి వాడండి, రోజ్ ఫ్లేవర్‌కి బదులు సూపర్‌మార్కెట్లో ఏడెనిమిది దిర్హమ్‌లకి దొరికే లెబనాన్ రోజ్ వాటర్ పోయండి. గమ్సర్ గులాబ్ అంత లోతు ఉండదు గానీ నిజమైన పన్నీరే.

హైదరాబాద్‌లో ఉన్నవాళ్లకి బేగంబజార్ ఉండనే ఉంది, బాదం, మామ్రా, పిస్తా అక్కడే తీసుకోండి, చీలికలు దొరక్కపోతే పిస్తాని కాసేపు నానబెట్టి పొడుగ్గా చీరుకోవచ్చు. చిక్కంతా పన్నీరు దగ్గరే. మందుల షాపులో ముఖానికి రాసుకునే రోజ్ వాటర్ సీసాలు తెచ్చి పోసేయకండి, చాలావాటి మీద 'బయటి వాడకానికి మాత్రమే' అని రాసి ఉంటుంది. కన్నౌజ్‌లో ఆవిరి పట్టి తీసే గులాబ్ జల్ తినడానికి పనికొచ్చే రకం కూడా అమ్ముతారు, లేబుల్ మీద ఆహారానికి అని ఉందో లేదో చూసి తెప్పించుకోండి. అది వచ్చేదాకా బాదం ఒలవకండి, ఒలిచిన పప్పు ఎక్కువ రోజులు ఆగదు.